జప్తైన బండియు, జరుగని విడుదలయు

బెజవాడ నగరమున బెంజ్ సర్కిలను కూడలి కలదు. చెన్నపట్టణమునుండి కలకత్తాకు బోవు 16వ నెంబరు జాతీయ రహదారియు, పూనానుండి హైదరాబాదు మీదుగ బందరునకు వచ్చు 65వ నెంబరు రహదారియు నచట కలిసికొనుచున్నవి. డెల్టాలో పండిన ధాన్యమును, కొల్లేటి ప్రాంతపు చేపలును, మెట్టసీమల మిరపయు, ప్రత్తియు మోసికొనిపోవు లారీలు రేయింబవళ్లు ఆ కూడలిని దాటుచుండును. వానిని బాగుచేయు పనివాండ్రతో ఆటోనగరు నిండియున్నది. ఈ బండ్లలో ననేకములు గొప్ప సంస్థలవి కావు. ఒక్కొక్క బండి యొక్కొక్క కుటుంబమునకు సర్వస్వము. అదియు నప్పు చేసి కొనినది. నెలనెలకు వాయిదా చెల్లింపవలసినది.

అట్టి బండి యొకనాడు దారిలో పట్టుబడినదనుకొందము. అందు నిషిద్ధమైన సరుకున్నదని యధికారులందురు. యజమానుడు తన కేమియు తెలియదనును. ఎవరి మాట నిజమో న్యాయాధిపతి తేల్చుటకు సంవత్సరములు పట్టును. అంతవఱకు బండి ఠాణా యావరణమున నెండకు నెండి, వానకు తడిసి, చక్రముల రబ్బరు పగిలి, యంత్రము తుప్పుపట్టి పడియుండును. అప్పు వాయిదాలు మాత్రము నిలువవు. కడపట యజమానుడు నిర్దోషియని తీర్పు వచ్చినను, అతని చేతికి వచ్చునది బండి కాదు, పాత యినుము. దోషము ఋజువు కాకమునుపే దండన పూర్తియైనదన్నమాట. ఈ దండనను విధించిన న్యాయాధిపతి లేడు. దానిపై అప్పీలును లేదు. ఆలస్యమే దానిని విధించినది.

ఈ విధమగు విలంబమునకు న్యాయస్థానము లేమి ప్రతిక్రియను కల్పించినవి, ఆ ప్రతిక్రియ యెట్లు పెరిగి వచ్చినది, అది నేటికిని సామాన్య గృహస్థునకు పూర్తిగ నెందుల కందుటలేదు అను విషయములను విచారించుటయే యీ వ్యాసముయొక్క యుద్దేశము.

పూర్వుల ధర్మము

పరుల సొత్తు రాజు చేతికి వచ్చినప్పుడు రాజునకు దానిపై స్వామ్యము కలదా, లేక రక్షణభారము మాత్రమే కలదా అను ప్రశ్న మన దేశమునకు క్రొత్తది కాదు. యజమానుడు తెలియని ద్రవ్యమును రాజు మూడు సంవత్సరములు నిక్షేపముగ నుంచి, ఆలోపల నతడు వచ్చి గుర్తులు చెప్పినయెడల నిచ్చివేయవలయునని మనుస్మృతి విధించినది. దొంగలు హరించిన సొత్తును రాజు రాబట్టి సొంతదారున కియ్యవలయుననియు, దానిని తానే వాడుకొను రాజు దొంగ పాపమును పొందుననియు నా స్మృతియే చెప్పుచున్నది. కౌటిల్యుడు మఱియొక యడుగు ముందుకు వేసి, అట్టి సొత్తును రాబట్టజాలని రాజు తన ద్రవ్యమునుండి యిచ్చుకొనవలెనని శాసించెను. స్మృతులలో నేడు మన మంగీకరింపరాని విధు లెన్నియో కలవు. కాని యీ యొక్క విషయమున వాని భావము స్పష్టము: రాజు చేతిలో నున్న పరధనము నిక్షేపమే.

ఆచరణమున రాజు లెట్లుండిరో మోటుపల్లి శాసనము చెప్పుచున్నది. కృష్ణా డెల్టాకు దక్షిణమున, నేటి బాపట్ల జిల్లాలో, సముద్రతీరముననున్న మోటుపల్లి కాకతీయుల కాలమున గొప్ప రేవు. తుపానుచే దరికి కొట్టుకొనివచ్చిన యోడలలోని సరకును పూర్వపు రాజులు బలాత్కారముగ లాగుకొనుచుండిరనియు, తాము మాత్రము ప్రాణముకంటె ధనమే మిన్నయని తలచి సముద్రయానమునకు తెగించిన వర్తకులనుండి నిర్ణీతమైన సుంకమును మాత్రమే గ్రహించి తక్కినదంతయు విడిచిపెట్టుచున్నామనియు, గణపతిదేవ చక్రవర్తి 1244-45 ప్రాంతమున నచట నభయశాసనము వేయించెను. తరువాత 1358లో అనపోతారెడ్డియు నదేచోట వర్తకులకు మరల నభయమిచ్చెను. చేత చిక్కిన సొత్తంతయు తమదేయని రాజోద్యోగులు భావించు రేవునకు వర్తకుడు రాడు. వర్తకుడు రాని రేవు పాడుపడును. ఈ సత్యమును మన రాజులు గ్రహించిరి.

గణపతిదేవుని కాలముననే, అనగా 1215లో, ఇంగ్లాండునందు ప్రభువులు జానురాజుచే మాగ్నా కార్టాయను పత్రమును వ్రాయించుకొనిరి. రాజోద్యోగి యెవడును స్వతంత్రుని గుఱ్ఱమును గాని బండిని గాని యతని సమ్మతిలేక రవాణాకు పట్టుకొనరాదని యందొక నిబంధన. న్యాయము నెవరికిని అమ్మము, నిరాకరింపము, ఆలస్యము చేయము అని మఱియొక నిబంధన. ఈ వ్యాసమునకు విషయమైన బండియు, విలంబమును రెండును ఆ యొక్క పత్రముననే కనబడుచున్నవి. అద్దె బాకీకి భూస్వామి పశువులను పట్టుకొనినయెడల, రైతు పూచీ యిచ్చి, వివాదము తేలులోపలనే పశువులను విడిపించుకొను పద్ధతియు నా దేశమున మధ్యయుగమునుండి యుండెను. పశువు బందెలదొడ్డిలో నుండిన దున్నువా రెవరు? వివాదము వివాదముగ నడువవచ్చును, సేద్యము నిలువరాదు. ఇప్పటి తాత్కాలిక విడుదలకు మూలమైన యాలోచన యిదియే.

కుంపిణీ గుఱ్ఱపుబండి

హిందూదేశమున ప్రభుత్వముయొక్క బాధ్యతనుగూర్చిన తొలి ప్రసిద్ధ వ్యాజ్యము కూడ బండికి సంబంధించినదే. కలకత్తాలోని కిడ్డర్‌పూరు ఓడల కర్మాగారమున ప్రభుత్వపు పనివాండ్రు బరువైన యినుప వస్తువును మోయుచు క్రింద పడవైచిరి. ఆ చప్పుడునకు బెదరి ఒక యోడల కంపెనీవారి గుఱ్ఱము గాయపడెను. కంపెనీవారు నష్టపరిహారమునకై దావా వేయగా, 1861లో కలకత్తా సుప్రీముకోర్టు వారికి తీర్పునిచ్చెను. ఓడల కర్మాగారము నడుపుట సామాన్య వ్యక్తియు చేయగల పని గనుక ప్రభుత్వ మచట సామాన్యునివలెనే బాధ్యత వహింపవలెనని న్యాయాధిపతులనిరి. కాని రాజ్యాధికార కృత్యములలో నట్టి బాధ్యత లేదను మాటయు నా తీర్పునందే యుండెను. ఆ యొక్క మాట తరువాతి నూఱు సంవత్సరములకును ప్రభుత్వమునకు కవచమైనది. పోలీసు జప్తును మించిన రాజ్యాధికార కృత్యమేది?

నష్టపరిహారము మాట యట్లుండగా, అధికారిని కదలించు ఆజ్ఞయైనను దొరకునా యన్నచో, అదియు మన జిల్లాలవారికి లేకుండెను. అధికారుల చర్యలను పరిశీలించు రిట్టు లను ఆజ్ఞలను మద్రాసు హైకోర్టు చెన్నపట్టణపు హద్దులకు వెలుపల నీయగలదా యను ప్రశ్న పర్లాకిమిడి జమీందారునకును గరబంధ మొదలగు గ్రామముల రైతులకును జరిగిన శిస్తు వివాదమున వచ్చెను. 1943లో లండనునందలి ప్రివీ కౌన్సిలు ఆ యధికారము లేదని చెప్పెను. అనగా చెన్నపట్టణపు వర్తకునకు దొరకు ఆజ్ఞ బెజవాడ వర్తకునకు దొరకదు. 1950 జనవరి 26న రాజ్యాంగ మమలులోనికి వచ్చి, 226వ యధికరణమున హైకోర్టులకు తమ రాష్ట్రమంతటను రిట్టు లొసగు నధికారము నిచ్చినప్పుడే యీ భేదము తొలగినది.

స్వతంత్ర భారతమున: రెండు దారులు

1947వ సంవత్సరమున జరిగిన రెండు జప్తులు రెండు భిన్నమైన తీర్పులకు దారితీసినవి. ఆ సంవత్సరము సెప్టెంబరులో కస్తూరిలాలు రలియారాము సంస్థ భాగస్వామియైన రలియారాము అను అమృతసరు వర్తకుడు బంగారమును, వెండిని అమ్ముటకై మీరటు నగరమునకు రాగా, పోలీసులతనిని అనుమానముపై పట్టి సరకును స్వాధీనము చేసికొనిరి. తరువాత విడిచిరి, వెండిని తిరిగి యిచ్చిరి, బంగారము మాత్ర మీయలేదు. మాల్‌ఖానా నధీనముననుంచుకొనిన హెడ్డుకానిస్టేబులు దాని నపహరించి పాకిస్తానమునకు పారిపోయెను. పోలీసుల యజాగ్రత్త ఋజువైనది. అయినను జప్తు రాజ్యాధికార కృత్యము గనుక ప్రభుత్వము పరిహార మీయనక్కఱలేదని 1964లో సుప్రీముకోర్టు తీర్పు చెప్పవలసివచ్చెను. ఈ స్థితి సంతృప్తికరము కాదని, శాసనసభలు తగిన చట్టము చేయుట మంచిదని ఆ న్యాయాధిపతులే హెచ్చరించిరి.

రెండవది జునాగడ సంస్థానమున జరిగినది. అచటి కస్టమ్సు అధికారు లొక వర్తకుని రెండు ట్రక్కులను, స్టేషను వాగను బండిని జప్తుచేసిరి. అతని యప్పీలు విచారణలో నుండగనే ఆ బండ్లను యజమానుడు లేని సొత్తుగ చూపి అమ్మివేసిరి. తరువాత అప్పీలులో బండ్లను తిరిగి యిమ్మని యుత్తరువు వచ్చెను. ఇచ్చుటకు బండ్లు లేవు. 1967లో సుప్రీముకోర్టు ఈ వ్యాజ్యమున ప్రభుత్వమును నిక్షేపధారిగ నెంచినది. జప్తు రద్దైనయెడల సొత్తును తిరిగి యియ్యవలసిన విధి కలదు. ఆ విధి కలవాడు సొత్తును చెడకుండ కాపాడవలసిన విధియు కలవాడే. యజమానునితో నొడంబడిక లేకున్నను ఈ బాధ్యత తప్పదని న్యాయాధిపతులనిరి. పట్టుకొనిన యిరువది సంవత్సరములకు ఆ బండ్లకు న్యాయము జరిగినది.

1977లో మైసూరు రాష్ట్రపు స్త్రీ యొకతె నగల విషయమున ఈ ధర్మము మఱింత దృఢపడెను. దొంగలనుండి రాబట్టిన యామె నగలు పోలీసు కాపుదలలో నుండగ మాయమైనవి. సుప్రీముకోర్టు వాని వెలక్రింద 10,000 రూపాయలు చెల్లింపుమని ప్రభుత్వమును ఆజ్ఞాపించి, సొత్తును మిక్కిలి యవసరమైనంత కాలముకంటె నొక్క దినమైనను అధికముగ నుంచుకొనరాదని బోధించెను.

ఎరువుల కథ

మన రాష్ట్రమునుండి వెళ్లిన నాగేంద్రరావు కంపెనీవారి వ్యాజ్యము ఈ చరిత్రలో ముఖ్యమైనది. అందలి సొత్తు బండి కాదు, ఎరువు. కాని విలంబ మెట్లు పనిచేయునో దానికంటె బాగుగ చూపు ఉదాహరణము లేదు. 1975 ఆగస్టులో విజిలెన్సు పోలీసులు ఆ వర్తకుల యెరువులను, ధాన్యమును జప్తుచేసిరి. ఎరువును రైతులకు పంచుటకై వ్యవసాయశాఖ యధికారి యొకని కొప్పగించిరి. అత డేమియు చేయలేదు. నెలరోజుల పిదప వర్తకులు జిల్లా రెవిన్యూ అధికారికిని, ఆ వ్యవసాయాధికారికిని అర్జీలు పెట్టుకొనిరి: ఎరువు పాడగుచున్నది, గిరాకి యున్నచోటికి పంపుడు, లేదా మాకే యిచ్చినయెడల అమ్మి సొమ్ము జమకట్టెదము. ఒక్కరును బదులు పలుకలేదు. 1976 జూనులో విచారణ ముగిసి, సాంకేతిక దోషములకు మాత్రము కొంత భాగమును జప్తుచేసి, తక్కినది విడుదల చేయుడని యుత్తరువైనది. తీసికొనబోవునప్పటికి ఎరువు పాసిపోయియుండెను.

జిల్లాలోని కోర్టు లక్ష రూపాయలకు పైబడి డిక్రీ యిచ్చినది. హైకోర్టు 1964 నాటి మీరటు తీర్పును చూపి దానిని త్రోసివేసినది. 1994లో సుప్రీముకోర్టు డిక్రీని నిలబెట్టినది. చట్టము ప్రకారము జప్తుచేసిన సొత్తును అజాగ్రత్తచే పాడుచేయుట రాజ్యాధికార కృత్యము కానేరదని, ప్రజాప్రభుత్వమున రాజు తప్పు చేయడను పాత మాటకు చోటులేదని ఆ తీర్పుయొక్క సారము. ఆ వర్తకులకు పందొమ్మిది సంవత్సరములు పట్టినది. వ్యవసాయాధికారి యొక్క కాగితము వ్రాసియుండినయెడల ఈ పందొమ్మిది సంవత్సరములును అక్కఱలేకపోవును.

బండ్ల విడుదలకు గడువు

పరిహారము తరువాతి మాట. బండి పాడుకాక మునుపే చేతికి వచ్చుట యెట్లు? 1898 నాటి క్రిమినలు ప్రొసీజరు కోడునకు 1923లో చేర్చిన యొక సెక్షను, విచారణ ముగియకుండగనే సొత్తును తగినవారి కాపుదలలో నుంచుటకు కోర్టున కధికార మిచ్చెను. 1973 కోడులో అది 451వ సెక్షనైనది. అధికార ముండినను వాడుక తక్కువగుటచే ఠాణాలు బండ్లతో నిండినవి.

2002 అక్టోబరులో సుందరభాయి దేశాయి వ్యాజ్యమున సుప్రీముకోర్టు దీనికి గట్టి మార్గము చూపెను. ఆ వ్యాజ్యపు పుట్టుకయే విచిత్రము. గుజరాతులో నొక ఠాణాలో పనిచేసిన పోలీసులే జప్తు సరకును మార్చిరని, సొమ్ము కాజేసిరని, అనుమతిలేక వేలము వేసిరని నేరారోపణ. అందుచే న్యాయాధిపతులు సొత్తు ఠాణాలో నెక్కువకాల ముండుటయే కీడునకు మూలమని గ్రహించిరి. బండ్లను దీర్ఘకాలము ఠాణాలో నుంచుటవలన ప్రయోజనము లేదనియు, పంచనామా వ్రాసి, ఛాయాచిత్రములు తీయించి, బాండును, పూచీని పుచ్చుకొని వెంటనే విడుదల చేయవలయుననియు, ఏ సొత్తైనను పదునైదు దినములనుండి నెలకు మించి నిలువరాదనియు నాజ్ఞాపించిరి. సాక్ష్యమునకు బండి కాదు, దాని వివరము కావలయును. వివరమును చిత్రములును, పంచనామాయు కాపాడును.

2010లో జనరలు ఇన్సూరెన్సు కౌన్సిలు వారికిని ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వాదులకును జరిగిన వ్యాజ్యమున, దొరికిన దొంగబండ్ల విడుదలను ఇన్సూరెన్సువారు కోరినచో సాధారణముగ 30 దినములలో తేల్చవలెనని మఱల నాదేశము వచ్చెను. 2024 జూలై 1న అమలులోనికి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితలో 497వ సెక్షను ఈ ధర్మమును శాసనముచేసినది: సొత్తు కోర్టు నెదుటికి వచ్చిన 14 దినములలో దాని వివరపట్టిక తయారు కావలెను, ఫొటోలు తీయవలెను, అటుపిమ్మట 30 దినములలో నుత్తరువు కావలెను. 2025 జనవరిలో సుప్రీముకోర్టు మాదకద్రవ్యముల చట్టము క్రింద పట్టుబడిన బండిని గూడ, యజమానుడు నేరమున పాల్గొనలేదని తోచినచో, తాత్కాలికముగ విడుదల చేయవచ్చునని చెప్పెను. ఆ వ్యాజ్యమున ట్రక్కు యజమానుడు ముద్దాయిగ నుండలేదు.

మన హైకోర్టు నెదుట

ఇన్ని తీర్పు లుండగ మన యొద్ద జరిగినదేమి? 2019లో మద్యపు విక్రయము ప్రభుత్వాధీనమై, 2020 మే నెలలో ధరలు మిక్కిలి హెచ్చిన పిదప, తెలంగాణమునుండి సీసాలు తెచ్చువారు పెరిగిరి. హైదరాబాదు దారిలో గరికపాడు మొదలుగాగల సరిహద్దు కేంద్రములలో కారులు, ఆటోలు, మోటారు సైకిళ్లు పట్టుబడినవి. ఎక్సైజు చట్టము ప్రకారము బండి సంగతి తేల్చవలసినవాడు ఎక్సైజు శాఖ యధికారి. పోలీసులు బండ్లను ఆ యధికారి యెదుట పెట్టక ఠాణాలలోనే యుంచిరి. యజమానుడు కోర్టునకు పోయిన, శాఖ కడకు పొమ్మనిరి; శాఖ కడకు పోయిన, బండి మాకు రాలేదనిరి. నడుమ బండి యెండుచుండెను. అమరావతియందలి హైకోర్టు, బండ్లను సకాలమున సంబంధించిన యధికారి కప్పగింపుడని యాజ్ఞ యిచ్చియు నది యమలు జరుగకపోవుట చూచి, 2020 జూన్ నెలలో రాష్ట్ర పోలీసు డైరెక్టరు జనరలును స్వయముగ రమ్మని పిలిచి సంజాయిషీ యడిగెను. ఠాణా యావరణమందలి మోటారు సైకిలు కొఱకు రాష్ట్రపు పోలీసులకెల్ల పెద్ద వచ్చి నిలువవలసివచ్చినది.

ఇచట దూరము సంగతి చెప్పవలయును. ఆంధ్రరాష్ట్ర మేర్పడిన పిదప 1954 జూలైలో గుంటూరున హైకోర్టు వెలసినది. 1956 నవంబరులో హైదరాబాదునకు తరలిపోయినది. 2019 జనవరి 1న మన రాష్ట్రపు హైకోర్టు బెజవాడలో పని యారంభించి, కొలది నెలలలో అమరావతి నేలపాడునకు చేరినది. అఱువది సంవత్సరములకు పైగ బెజవాడ లారీ యజమానుడు రిట్టు కొఱకు దాదాపు 270 కిలోమీటర్లు పోవలసియుండెను. ఇప్పుడు కృష్ణ దాటిన చాలును. దూరము తగ్గినది, వ్యయమును, భయమును తగ్గలేదు.

ఎదుటివారి వాదము

బండిని వెంటనే విడిచినయెడల దొంగరవాణాదారు మరునాడే దానిని మరల నదేపనికి త్రిప్పునని యధికారులందురు. ఈ మాట పొల్లు కాదు. ఎఱ్ఱచందనమును నఱికి తరలించువారికి లారీ గొడ్డలివంటి యాయుధము. కావుననే అడవి నేరములలో పట్టుబడిన బండ్లను అలవాటుగ విడువరాదని, తప్పనిసరియై విడిచినను బ్యాంకు గ్యారంటీ కనీసమని 2000లో సుప్రీముకోర్టు కర్ణాటక వ్యాజ్యమున చెప్పెను. ఇందు విరోధమేమియు లేదు. విడువరాదని నిర్ణయించుట వేఱు, ఏమియు నిర్ణయింపకుండుట వేఱు. కారణములు వ్రాసి నిరాకరించినయెడల యజమానుడు అప్పీలు చేసికొనును. అర్జీ పై నుత్తరువే లేనియెడల అతడు దేనిపై అప్పీలు చేయును? కఠినత్వమును కోరువారును విలంబమును సమర్థింపజాలరు. ఏలయన నేరస్థుని బండియైనను సకాలమున జప్తు నిర్ణయించి వేలము వేసిననే ప్రభుత్వమునకు సొమ్ము వచ్చును. తుప్పుపట్టిన పిదప నది యెవరికిని కాదు.

కర్తవ్యము

గృహస్థులు మొదట తెలిసికొనవలసినది, బండిని పట్టినవా రే చట్టము క్రింద పట్టిరో యనునదియే. సామాన్య నేరమైనచో మేజిస్ట్రేటు కోర్టున అర్జీ పెట్టవలెను. కోర్టు నెదుటికి రాకయే పోలీసుల చేత నున్న బండికిని క్రొత్త సంహిత 503వ సెక్షనున దారి చూపుచున్నది. ఎక్సైజు, అడవి చట్టములైనచో ఆయా శాఖాధికారికే, నిత్యావసర వస్తువుల చట్టమైనచో కలెక్టరునకే మొదట అర్జీ యియ్యవలెను. పర్మిటు మొదలగు కాగితముల లోపమైనచో రవాణా శాఖాధికారికి కాగితములు చూపవలెను. ఏ యర్జీయైనను వ్రాతమూలముగ నిచ్చి, అందినట్లు తేదీతో రసీదు పుచ్చుకొనవలెను. జప్తునాటి పంచనామా నకలును, బండి ఛాయాచిత్రములును దాచుకొనవలెను. ఉత్తరువు రానిచో 226వ యధికరణము క్రింద హైకోర్టు ఇన్ని దినములలో తేల్చుమని యాజ్ఞాపింపగలదు. దానిని మీరినచో ధిక్కార దోషమగును. నాగేంద్రరావు కంపెనీవారు గెలిచినది తమ రెండర్జీలు చేతనుండుటచేతనే యనవచ్చును. విలంబమునకు సాక్ష్యము తేదీయే.

ఇది యజమానుని పని. ప్రభుత్వముయొక్క పని మిగిలియున్నది. హైకోర్టు ఆజ్ఞ తఱచుగ, అర్జీని ఇన్ని వారములలో పరిష్కరింపుమని మాత్రమే యుండును. బండి యొక్కంటికి రెండు మారులు తిరుగుటయు, వకీలునకు ఫీజు నిచ్చుటయు, ఆ పేదవాని వంతు. ఆలస్యము చేసిన యధికారికి ఖర్చేమియు లేదు. అడిగినవానికే న్యాయము కలుగు ఏర్పాటు, అడుగలేనివాని యెడల నన్యాయమే. గడువు దాటినంతనే యధికారి కారణమును వ్రాసి పై కోర్టునకు తెలుపవలెననియు, కారణము చాలనిచో బండికి కలిగిన నష్టము ఆ శాఖయే చెల్లింపవలెననియు నియమ మేర్పఱచినగాని యీ దోషము తీరదు. జప్తు చేసినవాడు నిక్షేపధారియని 1967నుండి మన న్యాయస్థానములు చెప్పుచునే యున్నవి. నిక్షేపమును పాడుచేసినవాడు అడుగకముందే లెక్క చెప్పుట లోకన్యాయము.

మన పట్టణములలోని విద్యావంతులు ఠాణా గోడవెంబడి పోవునప్పుడు, లోపల తీగలల్లుకొనిపోయిన బండ్లను చూచి, దొంగబండ్లని తలచి తల త్రిప్పుకొనుచున్నారు. వానిలో దోషి బండి యేదో, నిర్దోషి బండి యేదో యింకను తేలలేదు. అది తేలువఱకు వానిని కాపాడుమని యడుగుట నేరమును మన్నింపుమనుట కాదు. పురపాలక సభ్యులును, శాసనసభ్యులును, వార్తాపత్రికలును తమ యూరి ఠాణాలో నెన్ని బండ్లు, ఎన్నినాళ్లనుండి, ఏ యుత్తరువు ననుసరించి యున్నవో లెక్క యడుగుట యారంభించినయెడల, ఆ లెక్క సిద్ధపఱచు పనిలోనే సగము బండ్లు విడుదల కాగలవు.